టోపీ తీయనివాళ్ళు

1670 సెప్టెంబరులో లండన్ ఓల్డ్ బెయిలీ కోర్టు బోనులో క్వేకర్లనే క్రైస్తవ శాఖకు చెందిన ఇద్దరిని నిలబెట్టారు. ఒకరు విలియం పెన్. అప్పటికి ఇరవై ఆరేళ్ళు నిండలేదు. రెండో ఆయన బట్టల వ్యాపారి విలియం మీడ్. నడివీధిలో జనాన్ని పోగేసి ప్రసంగించారన్నది అభియోగం. లోపలికి వస్తుంటే కోర్టు సిబ్బంది వాళ్ళ టోపీలు తీసేశారు. న్యాయపీఠం మీదివాళ్ళు ఆ టోపీలను మళ్ళీ తలల మీద పెట్టించారు. పెట్టించాక, కోర్టును గౌరవించి టోపీ ఎందుకు తీయలేదని నిలదీసి, చెరి నలభై మార్కులు జరిమానా వేశారు. దేవుడి ముందు తప్ప మనిషి ముందు టోపీ తీయకపోవడం క్వేకర్ల పట్టుదల అని అక్కడున్న అందరికీ తెలుసు. ఆ విచారణలో ఎడ్వర్డ్ బుషెల్, తోటి జ్యూరీ సభ్యులు, తిండీ నీళ్ళూ లేకుండా బంధించినా న్యాయపీఠం కోరిన తీర్పు చెప్పలేదు. తీర్పు నచ్చలేదని జ్యూరీని శిక్షించకూడదన్న సూత్రం ఆ గొడవలోంచే పుట్టింది. న్యాయశాస్త్రం చదివేవాళ్ళు ఆ జ్యూరీ కోసం ఈ కేసు చదువుతారు. నన్ను మాత్రం ఆ టోపీలే వదలవు.

బ్రిటిష్ మర్యాదల చరిత్ర మీద పుస్తకాలకు కొదవలేదు. వాటన్నిటి వెనకా ఉన్న పెద్ద ప్రశ్న ఒకటే. ఈ మర్యాదలు ఎక్కడ పుట్టాయి, ఎటునుంచి ఎటు ప్రవహించాయి? రాజదర్బారులో పుట్టి మెట్టు మెట్టుగా కిందికి దిగాయన్నది చాలాకాలంగా చెల్లుబాటైన జవాబు. దానికి బలమైన రూపం ఇచ్చినవాడు నార్బర్ట్ ఎలియాస్. ఆయన జర్మన్ యూదుడు. హిట్లర్ వచ్చాక దేశం విడిచి, 1935లో ఇంగ్లండ్ చేరి, బ్రిటిష్ మ్యూజియం చదువుగదిలో కూర్చుని పాత మర్యాద పుస్తకాలు ఒక్కొక్కటే తిరగేశాడు. ఉమ్మడం, చీదడం, కత్తి పట్టుకోవడం గురించి ఏ శతాబ్దంలో ఏం రాశారో పోల్చి చూశాడు. కొట్టే హక్కు రాజు ఒక్కడి చేతిలోకి పోయేకొద్దీ ప్రభువులు తమను తాము అదుపులో పెట్టుకోవలసి వచ్చిందనీ, సిగ్గు, అసహ్యం అలా పెరిగాయనీ, వాళ్ళను చూసి కింది వర్గాలు నేర్చుకున్నాయనీ ఆయన వాదం. ఈ వాదం వినిపించిన ఆయన పుస్తకం 1939లో స్విట్జర్లాండ్‌లో అచ్చయింది. తర్వాత కొన్నేళ్ళకే ఆయన తల్లి నాజీల మారణకాండలో హతమైంది. నాగరికత గురించి ఇంత ఓర్పుగా రాసిన మనిషికి అలా జరిగిందన్నది తలుచుకోకుండా ఆ పుస్తకం చదవలేను.

ఎలియాస్ వాదంలో సత్యం ఉంది. అయితే ఆయన చూపు ముఖ్యంగా ఫ్రెంచి దర్బారు మీద. బ్రిటన్ కథ ఆ కొలతకు పూర్తిగా ఒదగదు. భోజనపు బల్ల వరకు మాత్రం చక్కగా ఒదుగుతుంది.

1200 ప్రాంతంలో బెకిల్స్ ఊరి డేనియల్ అనే ఆయన లాటిన్‌లో సుమారు మూడువేల పాదాల మర్యాద పద్యం రాశాడు. హాలు మధ్యలో గుర్రం ఎక్కవద్దన్నాడు. తేన్పు వస్తే పైకప్పు వైపు చూడమన్నాడు. ఇవి చదివి నవ్వుకోవడం సులువు. ఆ హాలును కళ్ళముందు నిలుపుకుంటే వాటి అవసరం తెలుస్తుంది: పొగ, కుక్కలు, నౌకర్లు, వందమంది ఒకే కప్పు కింద తినే భోజనం. పళ్ళెం బదులు మందపాటి ఎండురొట్టె ముక్క ఉండేది. మన విస్తరాకులాగే దాని మీదే వడ్డన. పులుసు పీల్చుకున్న ఆ రొట్టె చివరికి పేదల చేతికి పోయేది. వేళ్ళతోనే తినేవాళ్ళు కనక తినేముందూ తిన్నాకా చెంబూ పళ్ళెమూ పట్టుకొచ్చి చేతులు కడిగించడం పెద్ద తతంగం. బల్ల మీద ఉప్పు గిన్నె ఎక్కడుంటే అక్కడ గౌరవరేఖ. దానికి ఎగువన కూర్చున్నవాడు గొప్పవాడు, దిగువన కూర్చున్నవాడు తక్కువవాడు. బంతిలో ఎవరు ఎక్కడ కూర్చోవాలన్న పట్టింపు తెలిసిన మనకు ఇది వివరించి చెప్పక్కర్లేదు.

ఈ పద్ధతులు నేర్పడానికి పిల్లల్ని పరాయి ఇళ్ళకు పంపేవాళ్ళు. ప్రభువు కొడుకు ఇంకో ప్రభువు ఇంట్లో మాంసం కోసి, వైన్ పోసి, నిలబడి సేవచేసి పెద్దవాడయ్యేవాడు. 1475 ప్రాంతపు ‘బేబీస్ బుక్’ అలాంటి పిల్లలకోసం రాసినదే. 1500 ప్రాంతంలో ఇంగ్లండ్ చూసిన ఒక వెనిస్ యాత్రికుడు ఏడెనిమిదేళ్ళ బిడ్డల్ని అలా పంపేయడం చూసి, వీళ్ళకు పిల్లల మీద ప్రేమ తక్కువని రాసుకున్నాడు. ఆ మాట పూర్తిగా న్యాయం కాదు. కానీ మర్యాదను తల్లిదగ్గర కాక యజమానిదగ్గర నేర్చుకున్న జాతి అన్న గుర్తు ఆ తర్వాతి చరిత్ర అంతటా కనిపిస్తుంది. ఇల్లు విడిచి వసతి బడికి వెళ్ళిన 19వ శతాబ్దపు కుర్రాళ్ళది కూడా అదే దారి.

ఫోర్క్ కథ మనకు కాస్త దగ్గరది. సోమర్సెట్ జిల్లా ఆడ్‌కూంబ్ వాడైన థామస్ కోర్యాట్ ఇటలీ వెళ్ళివచ్చి 1611లో యాత్రాగ్రంథం అచ్చువేశాడు. అక్కడివాళ్ళు మాంసాన్ని ఫోర్క్‌తో అదిమిపట్టి కోస్తారని, తానూ అలా తినడం మొదలుపెట్టానని అందులో చెప్పాడు. స్నేహితులు ఆయన్ని లాటిన్‌లో ‘ఫర్సిఫర్’ అని ఆటపట్టించారు. ‘ఫోర్క్ మోసేవాడు’ అన్న అర్థంతో పాటు ‘దుర్మార్గుడు’ అన్న అర్థం కూడా దానికి ఉంది. ఆ తర్వాత కోర్యాట్ పశ్చిమాసియా మీదుగా నడిచి అజ్మీర్ చేరి, జహంగీర్ ఎదుట పారసీకంలో మాట్లాడి, 1617లో సూరత్‌లో కన్నుమూశాడు. ఇంగ్లండ్‌కు ఫోర్క్ పరిచయం చేశాడని పేరుపడిన మనిషి చేత్తో తినడం తెలిసిన దేశంలో ఆఖరి మెతుకులు తిన్నాడు. ఇంగ్లండ్‌లో ఫోర్క్ మామూలు ఇళ్ళకు చేరడానికి ఇంకా తరాలు పట్టింది.

మళ్ళీ టోపీ దగ్గరికి వస్తాను. క్వేకర్లు కాదన్నది టోపీ ఒక్కటే కాదు. అప్పటి ఇంగ్లీషులో మనలాగే రెండు మాటలుండేవి. ‘దౌ’ అంటే నువ్వు, ‘యు’ అంటే మీరు. దేవుణ్ణి, బిడ్డను, నౌకరును, ప్రేయసిని ‘దౌ’ అనేవాళ్ళు. పైవాళ్ళను ‘యు’ అనేవాళ్ళు. క్వేకర్ల ఆద్యుడు జార్జ్ ఫాక్స్ అనుచరులు జడ్జిని, ప్రభువును కూడా ‘నువ్వు’ అనే పిలిచారు. దెబ్బలు తిన్నారు, జైళ్ళలో మగ్గారు. ఒక సర్వనామం కోసం కొరడా దెబ్బ ఓర్చుకోవడం ఏమిటని తెలుగువాడు అడగడు. ఎవరిని ‘ఏమండీ’ అనాలి, ఎవరిని ‘ఒరేయ్’ అనవచ్చు అన్నదాని చుట్టూ మన ఊళ్ళలో ఎన్ని బతుకులు తిరిగాయో మనకు తెలుసు.

చివరికి జరిగింది ఎవరూ ఊహించనిది. క్వేకర్లు అందరినీ ‘నువ్వు’ అన్నారు. సమాజం అందరినీ ‘మీరు’ అంది. పట్నాల్లో ఎదుటివాడి స్థాయి ఏమిటో చప్పున తేలక, పొరపాటు పడటంకన్నా ‘యు’ అనడమే మేలనుకున్నారు. 1700 నాటికి ‘దౌ’ ప్రార్థనకూ కవిత్వానికీ యార్క్‌షైర్, లాంకషైర్ వంటి చోట్ల యాసకూ పరిమితమైంది. ఈనాడు ఇంగ్లీషు పిల్లవాడు రాజునూ కుక్కపిల్లనూ ఒకే మాటతో పిలుస్తాడు. తలవంచి సలాం చేసే బదులు క్వేకర్లు చెయ్యి కలిపేవాళ్ళు. అంతకుముందు కరచాలనం బేరం కుదిరిందనో, తగువు తీరిందనో తెలిపే గుర్తు. ఎదురుపడ్డ ప్రతి ఒక్కరినీ అలా పలకరించే అలవాటు వ్యాపించడంలో వాళ్ళ వంతు పెద్దదని చరిత్రకారులు చూపించారు. దర్బారు నేర్పని పలకరింపు ఇది.

కాఫీ కొట్టు కూడా దర్బారు బయటిదే. 1652లో పాస్క్వా రోజే లండన్ కార్న్‌హిల్ దగ్గర సందులో మొదటి కొట్టు తెరిచాడు. ఒక పెన్నీ ఇస్తే కప్పు కాఫీ, చుట్టూ పత్రికలు, మాట్లాడేందుకు మనుషులు. 1674లో అచ్చయిన కాఫీ కొట్టు నియమావళి ప్రకారం గొప్పవాడు వచ్చాడని ఎవరూ లేచి చోటివ్వక్కర్లేదు. ఖాళీగా ఉన్నచోట కూర్చోవాలి. ఒట్టు పెడితే పన్నెండు పెన్నీల జరిమానా. మరుసటి ఏడు డిసెంబరులో రెండో చార్లెస్ ఈ కొట్లను మూయించమని ఆజ్ఞ వేసి, గగ్గోలు లేవడంతో కొద్దిరోజులకే వెనక్కి తీసుకున్నాడు. ఈ సమానత్వానికి హద్దుంది. బల్లల చుట్టూ కూర్చున్నది మగవాళ్ళే.

ఆ బల్లల మీదికే 1711లో ‘స్పెక్టేటర్’ వచ్చింది. జోసెఫ్ అడిసన్, రిచర్డ్ స్టీల్ రోజూ ఒక వ్యాసం. సుమారు మూడువేల ప్రతులు, ఒక్కొక్కటి ఎన్నో చేతులు మారేది. నాటకశాలలో ఎలా కూర్చోవాలి, భార్యతో ఎలా మాట్లాడాలి, వాదనలో ఎక్కడ ఆగాలి అని స్నేహితుడి గొంతుతో చెప్పారు. పుట్టుకతో రాని మర్యాద చదివితే వస్తుందన్న నమ్మకం వర్తకులకు కలిగించారు. రెండువందల ఏళ్ళ తర్వాత పానుగంటి లక్ష్మీనరసింహరావు తెలుగులో ఆ పనికే పూనుకున్నారు. పత్రిక పేరునే తెలుగు చేసి ‘సాక్షి’ అన్నారు. అక్కడి క్లబ్బు ఇక్కడ సాక్షిసంఘమైంది. అయితే అడిసన్ మెల్లగా తట్టి చెప్పిన చోట పానుగంటి ఆ సంఘంలోని జంఘాలశాస్త్రి చేత ఉరిమించారు. మర్యాద నేర్పే గొంతు ప్రతి దేశానికీ తనదే ఉంటుందని ఆ రెండూ పక్కపక్కన పెట్టి చదివితే తెలుస్తుంది. ‘ఆంధ్ర అడిసన్’ అన్న బిరుదు ఆయనకు కొంచెం ఇరుకే.

పద్దెనిమిదో శతాబ్దపు నాణేనికి ఇంకో ముఖం బాత్ పట్నం. అక్కడ వేడినీటి బుగ్గలకు వచ్చే జనాన్ని 1705 ప్రాంతం నుంచి దశాబ్దాలపాటు ఏలినవాడు రాజవంశీకుడు కాడు, జూదం మీద బతికిన బో నాష్. నాట్యశాలలోకి బూట్లు, కత్తులు రానివ్వలేదు. రాత్రి పదకొండుకు వాద్యాలు ఆగాల్సిందే. రాకుమార్తె అమీలియా ఇంకొక్క నాట్యం అడిగినా కాదన్నాడు. ప్రభువుల నడుం నుంచి కత్తి ఊడదీసిన ఘనతలో కొంత ఈ జూదరిది. ద్వంద్వయుద్ధం మాత్రం పరువు పేరుతో ఇంకా నూరేళ్ళు బతికింది. 1829లో సాక్షాత్తూ ప్రధానమంత్రి వెల్లింగ్టన్ బాటర్సీ పొలాల్లో తుపాకీ పట్టుకుని నిలబడ్డాడు. 1844లో సైనిక నియమాలు మార్చాక గాని ఆ పిచ్చి అణగలేదు.

చెస్టర్‌ఫీల్డ్ ప్రభువు కొడుకుకు రాసిన ఉత్తరాలు ఆయన పోయిన మరుసటి ఏడాది, 1774లో వెలుగు చూశాయి. పైకి నవ్వు వినిపించేలా నవ్వడం కూడా మోటుతనమేనని నేర్పిన తండ్రి ఆయన. మనిషిని మెప్పించడం ఒక విద్య అన్నాడు. మంచితనంతో దానికి ముడిపెట్టలేదు. శామ్యూల్ జాన్సన్ మండిపడ్డాడు. ఈ తగువులో నేను జాన్సన్ పక్షం. కానీ కొడుకు అక్రమ సంతానం, పుట్టుకతో తలుపులు మూసుకుపోయినవాడు. మర్యాద తప్ప వాడికి వేరే ఆస్తి లేదని తండ్రికి తెలుసు. ఆ భయంతో చదివితే ఉత్తరాలు వేరేలా వినిపిస్తాయి. ఆడవాళ్ళ భయం అంతకంటే పెద్దది. ఫానీ బర్నీ 1778 నవల ‘ఎవెలినా’లో పల్లె నుంచి వచ్చిన పిల్ల ఒకడితో నాట్యం చెయ్యనని చెప్పి, ఇంకొకడితో చేస్తుంది. అది తప్పని ఆమెకు ఎవరూ చెప్పలేదు. అవమానం మాత్రం తప్పలేదు.

ఈ పుస్తకాలేవీ చదవని జనానికీ మర్యాదలున్నాయి. వాటిని వెలికితీసినవాడు చరిత్రకారుడు ఇ.పి. థామ్సన్. ఆయన వ్యాసాలు 1991లో ‘కస్టమ్స్ ఇన్ కామన్’గా వచ్చాయి. పెళ్ళాన్ని చావగొట్టేవాడి ఇంటిముందు రాత్రిపూట ఊరంతా చేరి గిన్నెలు, పెనాలు మోగించి, వాడి బొమ్మ ఊరేగించి సిగ్గు తీసేవాళ్ళు. మొగుణ్ణి దండించిన భార్యనూ అలాగే అల్లరి పెట్టేవాళ్ళు. కాబట్టి దీన్ని పూర్తిగా న్యాయమని పొగడలేను. భార్యను మెడకు తాడు కట్టి సంతకు తీసుకెళ్ళి వేలం వేసిన సంఘటనలను కూడా థామ్సన్ వందలకొద్దీ పోగుచేసి పరిశీలించాడు. పేదవాడికి విడాకులు అందని రోజులవి. 1857 దాకా పూర్తి విడాకులకు పార్లమెంటు ప్రత్యేక చట్టం కావాలి. చాలా వేలాల్లో కొనేవాడు ముందే కుదిరిన ప్రియుడు, భార్య సమ్మతి ఉన్న తంతు అది. తాడు తాడే. అయినా దాన్ని అనాగరికమని తేల్చేసిన పెద్దల చట్టం ఆ ఆడదానికి వేరే దారి చూపలేదు.

విక్టోరియా కాలం మీద కావలసినన్ని రచనలున్నాయి కాబట్టి ఒకటి రెండు విషయాలతో సరిపెడతాను. వేళల సంగతి చూడండి. పద్దెనిమిదో శతాబ్దంలో మధ్యాహ్నం తినే ‘డిన్నర్’ జరిగి జరిగి రాత్రి ఎనిమిదికి చేరింది. నడుమ ఆకలిని ఆపడానికి 1840 ప్రాంతంలో బెడ్‌ఫర్డ్ ప్రభువు భార్య అన్నా మరియా సాయంత్రం టీతో నాలుగు రొట్టెముక్కలు తెప్పించుకోవడం ఆచారమైంది. ఉత్తర ఇంగ్లండ్ కార్మికుల ఇళ్ళలో నేటికీ ‘డిన్నర్’ అంటే మధ్యాహ్న భోజనం, ‘టీ’ అంటే రాత్రి తిండి. తిండివేళకు పెట్టిన పేరు చాలు, మనిషి ఎక్కడివాడో చెప్పడానికి.

రెండోది పేరు చీటీ. ఇంకొకరి ఇంటికి వెళ్ళిన దొరసాని తన కార్డు ఒకటి, భర్తవి రెండు వదిలి రావాలి. ‘అమ్మగారు ఇంట్లో లేరు’ అని నౌకరు చెబితే, ఉన్నా లేనట్టే. ఎవరి కార్డుకు బదులు కార్డు వస్తుంది, ఎవరి కార్డుకు రాదు అన్నదాంట్లో ఒక కుటుంబం జాతకం తేలిపోయేది. కొత్తగా డబ్బు చేసిన మిల్లు యజమానుల భార్యలు ఈ లెక్క తప్పకుండా ఉండటానికి పుస్తకాలు కొన్నారు. ఇసబెల్లా బీటన్ గృహనిర్వహణ గ్రంథం 1861లో వచ్చింది. కిందివాళ్ళు నేర్చుకోగానే పైవాళ్ళు ఆట మార్చేవాళ్ళు. చేపకు వేరే కత్తి మధ్యతరగతి బల్లకెక్కాక పాత వంశాలవాళ్ళు దాన్ని కొత్త డబ్బు గుర్తుగా చూశారు. 1954లో అలన్ రాస్ అనే భాషాశాస్త్రవేత్త ఫిన్లాండ్ పత్రికలో ఈ సంగతే మాటల్లో చూపించాడు. ‘నాప్కిన్’ అంటే కులీనుడు, ‘సర్వియెట్’ అంటే కాదు. రచయిత్రి నాన్సీ మిట్‌ఫర్డ్ దాన్ని అందుకోగానే దేశమంతా తన నోటిని తానే పరీక్షించుకుంది. నాజూకు మాట వెతుక్కున్నది మధ్యతరగతివాళ్ళే.

ఈ మర్యాద మన దేశంలో ఏం చేసిందో తేలిగ్గా వదిలేయకూడదు. మొదట్లో తెల్లవాళ్ళే ఇక్కడి పద్ధతులు నేర్చుకున్నారు. హైదరాబాదు రెసిడెంటు జేమ్స్ అకిలీజ్ కిర్క్‌పాట్రిక్ ఖైరున్నిసాను పెళ్ళాడి దర్బారు మర్యాదల్లో ఆరితేరాడు. కోఠీ ఉమెన్స్ కాలేజీగా మనమెరిగిన భవనం ఆయన కట్టించిందే. పాట్నా నుంచి వెళ్ళిన షేక్ దీన్ మొహమ్మద్ 1810లో లండన్‌లో భోజనశాల పెట్టి, తర్వాత బ్రైటన్‌లో రాజులకే తలంటి మర్దన చేశాడు. ‘షాంపూ’ అన్న మాటే ఇక్కడిది. తర్వాత గాలి మారింది. 1832లో పుట్టిన మద్రాసు క్లబ్బులో వడ్డించడానికి తప్ప భారతీయుడికి చోటు లేదు. చెప్పుల తగువు మొదలైంది. గౌరవానికి మనం చెప్పులు విడుస్తాం, వాళ్ళు టోపీ తీస్తారు. భారతీయుడు చెప్పులు విడిచే లోపలికి రావాలని అధికారులు పట్టుబట్టారు. 1854లో డల్హౌసీ ప్రభుత్వం యూరోపియన్ బూట్లు వేసుకున్నవాళ్ళకు మాత్రం మినహాయింపు ఇచ్చింది. 1860ల తొలినాళ్ళలో సూరత్ కోర్టులో ఒక పార్సీ పెద్దాయన చెప్పులు విడవనన్నాడు, లోపలికి రానివ్వలేదు. పెన్ టోపీకి, ఈ చెప్పులకు మధ్య దాదాపు రెండువందల ఏళ్ళు. చరిత్రకారుడు కీత్ థామస్ 2018 గ్రంథం ఈ వైపును గట్టిగా చూపింది. ‘మాకు నాగరికత ఉంది, మీకు లేదు’ అన్న మాటను ఇంగ్లీషువాళ్ళు ముందు ఐర్లండ్ మీద వాడి, తర్వాత సముద్రాలు దాటించారు.

1948 తర్వాత వలసదేశాల మనుషులే లండన్ తలుపులు తట్టారు. గది అద్దెకుందని ప్రకటన చూసి వెళ్ళినవాళ్ళకు తలుపు దగ్గర మెత్తటి గొంతు ‘సారీ, ఇప్పుడే ఇచ్చేశాం’ అని చెప్పేది. తిట్టుకన్నా ఆ సారీ ఎక్కువ కోసిందని చాలామంది చెప్పుకున్నారు. ఇళ్ళ విషయంలో ఆ వివక్షను చట్టం 1968లో నిషేధించింది. మర్యాదతో కాదన్నవాణ్ణి పట్టుకోవడం ఎంత కష్టమో ఆ తరానికి తెలుసు.

ఇక క్యూ. దీన్ని బ్రిటిష్ రక్తంలోనే ఉన్న గుణమంటారు. 1837లో థామస్ కార్లైల్ ఫ్రెంచి విప్లవ చరిత్ర రాస్తూ రొట్టెల దుకాణం ముందు వరసలో నిలబడటాన్ని ఫ్రెంచివాళ్ళ ప్రత్యేకతగా వర్ణించాడు. మాట కూడా ఫ్రెంచిదే. బ్రిటన్‌కు అది ముద్రలా అంటింది రెండో ప్రపంచయుద్ధంలో. 1940 జనవరి నుంచి 1954 దాకా రేషన్. యుద్ధం గెలిచాక కూడా, 1946లో, రొట్టెకు రేషన్ వచ్చింది. గంటలు గంటలు నిలబడింది ఎక్కువగా ఆడవాళ్ళు. ఆ వరసల్లో కోపాలూ తోపులాటలూ ఉన్నాయి. చరిత్రకారుడు జో మోరన్ రాసినట్టు, ఓపికగా క్యూ కట్టే జాతి అన్న చిత్రం ఆ కష్టకాలపు ప్రచారంలో గీసింది. గీసిన బొమ్మే క్రమంగా నిజమైంది. తిరుమలలో వైకుంఠం క్యూ కాంప్లెక్స్ అన్న పేరులో మనమూ ఆ మాటను దేవుడి పక్కన పెట్టుకున్నాం.

సంపన్నుల ఆడపిల్లలు రాణికి మోకాలు వంచి పరిచయమయ్యే వేడుకను 1958లో రెండో ఎలిజబెత్ ఆపేసింది. శతాబ్దాల ఆచారం పెద్ద గొడవ లేకుండా పోయింది. 2022 సెప్టెంబరులో ఆమె భౌతికకాయాన్ని వెస్ట్‌మిన్‌స్టర్ హాలులో ఉంచినప్పుడు జనం థేమ్స్ ఒడ్డున మైళ్ళ పొడవున క్యూ కట్టారు. సుమారు రెండున్నర లక్షల మంది. ఫుట్‌బాల్ ఆటగాడు డేవిడ్ బెక్‌హామ్ కూడా పన్నెండు గంటలకు పైగా ఆ వరసలోనే నిలబడ్డాడు. లోపలికి చేరాక ఎలా నమస్కరించాలో ఎవరికీ ఆజ్ఞ లేదు. కొందరు తల వంచారు. కొందరు మోకాలు వంచారు. కొందరు గుండెల మీద శిలువ గుర్తు వేసుకున్నారు. కొందరు ఒక్క క్షణం ఊరికే నిలబడి, చూసి, ముందుకు నడిచారు.